పెళ్ళికూతురి చేతిలో చెరకు పువ్వు

ముందు చేతులు చూడండి

బొకేలు కట్టడం నేర్పమని ఈ మధ్య అమ్మాయిలు మా ఇంటికి వస్తున్నారు. ఫోనులో అందమైన బొమ్మలు చూసి వస్తారు. నేను ముందు నా చేతులు చూపిస్తాను. కుడిచేతి బొటనవేలు పూర్తిగా ముడుచుకోదు. వేళ్ళ సందుల్లో పగుళ్ళు, చలికాలం వస్తే వాటిలోంచి నెత్తురు. నిజామాబాద్ పూల బజారులో ముప్పై నాలుగేళ్ళు చన్నీళ్ళ బకెట్లలో మునిగిన చేతులు ఇవి. చూశాక కూడా నేర్చుకుంటామన్నవాళ్ళ కోసం ఇది రాస్తున్నాను.

బొకే కట్టడం అరగంట పని. మిగతాదంతా మోత, కడుగుడు, ఏరుడు. తెల్లవారుజామున హైదరాబాద్ నుంచి బస్సులో వచ్చే పెట్టెలు దింపుకోవాలి. గులాబీల ముళ్ళు గీకాలి, కాడల కొసలు నీళ్ళలోనే ఏటవాలుగా కోయాలి, కుళ్ళిన ఆకు ఒక్కటి కూడా బకెట్లో పడకుండా చూడాలి. పెళ్ళిళ్ళ కాలంలో ఆ నడుము నొప్పికి మందు లేదు. ఎవరైనా కష్టం తెలియకుండా పెరిగితే పూలలో పెట్టి చూసుకున్నారంటారు. నన్నట్లా చూసుకున్నవాళ్ళు ఎవరూ లేరు కానీ, పూలను నీళ్ళలో పెట్టి చూసుకోవడంలోనే నా వయసు గడిచిపోయింది. పూలమ్మిన చోట కట్టెలమ్మే గతి పట్టలేదు, అంతవరకు సంతోషం.

ఇంత నిష్ఠూరంగా చెబుతున్నానేమిటని అనుకోవచ్చు. అలసిపోయాను, అంతే. అలసిపోయినవాళ్ళు అబద్ధాలు తక్కువ చెబుతారు.

మొయిన్ సాబ్ జేబు

నాకు పని నేర్పింది మొయిన్ సాబ్. నాలుగు తరాలుగా సెహ్రాలు కట్టిన ఇల్లు వాళ్ళది. పెళ్ళికొడుకు ముఖం మీద వేలాడే ఆ పూలతెరలు ఆయన కడితే, నికాహ్ అయిపోయి విందు ముగిసేదాకా ఒక్క మల్లె రాలేది కాదు. నేను భీమ్‌గల్ దిక్కు పసుపు పండించే ఊరి నుంచి పెళ్ళై పట్నానికి వచ్చినదాన్ని. కూలి పనికని ఆయన దుకాణంలో చేరాను. మొదటి ఏడాదంతా ముళ్ళు గీకించాడు. సూది ముట్టనివ్వలేదు.

ఆయనకొక పద్ధతి ఉండేది. పొద్దున్నే వచ్చిన సరుకులో ఒక్కో రకం నుంచి ఒక్కో పువ్వు తీసి చొక్కా జేబులో వేసుకునేవాడు. ఆ జేబుతోనే బజారంతా తిరిగేవాడు, చాయ్ తాగేవాడు, నమాజుకు పోయి వచ్చేవాడు. మధ్యాహ్నం జేబులోంచి వాటిని తీసి బల్ల మీద పరిచేవాడు.

“పొద్దుగాల అన్ని పూలు మంచిగనే ఉంటయ్ బేటీ,” అనేవాడు. “పెండ్లి పొద్దుగాల అయితదా? పిలిచిన మంత్రి ఎప్పుడొస్తే అప్పుడయితది. పన్నెండు గంటలకు సూడు, అసల్ ఎవడో నకల్ ఎవడో తెలుస్తది.”

వాడినది వాడినట్టు, నలిగినది నలిగినట్టు కనబడేది. నలిగినా రంగు మారని పువ్వునే మర్నాటి పెళ్ళికి ఎంచేవాడు. నేను జేబుకు బదులు కొంగుకు కట్టుకునేదాన్ని. ఇంతకు మించిన పరీక్ష నాకు ఇప్పటికీ తెలియదు. పువ్వు పుట్టగానే పరిమళిస్తుందన్న సామెతను పూల దుకాణంలో నమ్మకండి. అట్టపెట్టెలో చలికి వణుకుతూ వచ్చిన గులాబీకి పరిమళమే ఉండదు.

ఉస్తాద్ అని ఆయన్ని దేవుణ్ణి చేయను. నోరు చెడ్డది. గిరాకీ ముందే తిట్టేవాడు. నిన్నటి గులాబీల పై రేకులు పీకేసి, చావు దండల్లో గుచ్చేవాడు. అదేంటి సాబ్ అంటే, “చచ్చినోడు వాసన సూస్తడా?” అనేవాడు. ఏడ్చేవాళ్ళు చూస్తారు కదా అని ఒకసారి ఎదురు చెప్పాను. రెండు రోజులు పనిలోకి రానివ్వలేదు. ఆ తర్వాత సొంత దుకాణం పెట్టుకున్నాక, సరుకు మిగిలిపోయిన ఒక వానాకాలం నేనూ అదే పని చేశాను. చేసి, ఆయన్ని అడిగే హక్కు పోగొట్టుకున్నాను.

కడుపులో ఏమీ లేని పిల్ల

సెహ్రాలు, దండలు వేరు. చర్చి పెళ్ళి బొకే వేరు. నిజామాబాద్‌లో, బోధన్‌లో, చుట్టుపక్కల ఊళ్ళలో మెథడిస్టు కుటుంబాలు చాలా ఉన్నాయి. తెల్ల చీర, తల మీద తెల్ల ముసుగు, చేతిలో పూలగుత్తి. నేను సొంతంగా కట్టిన మొదటి బొకే అట్లాంటి పిల్లకే. వాసన ఉండాలని మోజుపడి నేల సంపెంగలతో నింపాను. మన బజారులో వాటిని లిల్లీ పూలంటాం. దుకాణమంతా ఘుమఘుమలాడింది. నన్ను చూసి నేనే మురిసిపోయాను.

పెళ్ళికూతురు పొద్దున్నుంచి చాయ్ కూడా తాగలేదు. ఉక్కపోత, పట్టుచీర, బిగించిన జడ, ముక్కు కింద జానెడు దూరంలో ఆ ఘాటు. రెండో పాట పాడుతుండగా కళ్ళు తిరిగి కూలబడింది. ఎవరో నీళ్ళు చల్లారు, పాస్టరు అయ్యగారు పాట ఆపించారు. ముందు బెంచీలో ఒక ముసలమ్మ ఆ పిల్ల నెల తప్పిందేమోనని పక్కామెతో గుసగుసలాడింది. ఆ గుసగుస నా చెవిన పడింది. తప్పు నాది, నింద ఆ పిల్లది. లేచి నిలబడి “నా పూల వల్లే” అని చెప్పే ధైర్యం ఆ రోజు నాకు లేకపోయింది. ఇన్నేళ్ళయినా ఆ మాట గుర్తొస్తే సిగ్గుగా ఉంటుంది.

అప్పటినుంచి ఎంత మంచి పువ్వయినా ఘాటు వాసన ఉంటే బొకేలో పెట్టలేదు. ఇంకో అలవాటు కూడా చేసుకున్నాను. ఆర్డర్ ఇవ్వడానికి వచ్చిన అమ్మాయి చేతిలో లీటరు నీళ్ళ సీసా పెట్టి, మాట్లాడినంతసేపు అట్లాగే పట్టుకోమనేదాన్ని. పావుగంటకే చేతులు మార్చుకునేవాళ్ళు. ఫోనులో చూపించిన మూరెడు వేలాడే బొకే అప్పుడు తనంతట తానే చిన్నదయ్యేది.

పూలు ఎంచడంలో అసలు చిక్కు పూలతో కాదు, ఎంచేవాళ్ళతో. పెళ్ళికూతురు ఒకటి అంటుంది. అమ్మ ఇంకొకటి అంటుంది. పాస్టరమ్మ గారు ఎరుపు వద్దంటారు. మేనమామ ఎంత పెద్దగా ఉంటే అంత గొప్ప అంటాడు. అందరికంటే పెద్ద పీడ ఫోటోలు తీసేవాడు. వాడికి పువ్వు వాడినా పరవాలేదు, పిల్ల వాడినా పరవాలేదు, బొమ్మలో పడితే చాలు. వీళ్ళందరినీ బయట కూర్చోబెట్టి ఆ పిల్లతో ఒంటరిగా మాట్లాడండి. నేను అట్లాగే మాట్లాడేదాన్ని. అయినా ఒకచోట బోర్లా పడ్డాను. ఆ సంగతి చెప్పడానికే ఇంత దూరం వచ్చాను.

వెండి కుచ్చులు

సువార్త నిజామాబాద్‌లో ఒక ఆసుపత్రిలో నర్సు. ఊరు బోధన్ అవతల. రోజూ బస్సులో వచ్చి పోయేది. కొత్త సంవత్సరం దాటగానే పెళ్ళి. ఫోను తీసి ఒక బొకే చూపించింది. తెల్ల గులాబీల మధ్య నుంచి పొడుగ్గా, మెత్తగా, వెండిరంగు కుచ్చులు. ఏదో విదేశీ గడ్డి. ఈ మధ్య ప్రతి పెళ్ళిలోనూ అదే మోజు.

“గిసొంటిది కావాలె అక్కా. దొరుకుతదా?”

దొరుకుతుందిగానీ రంగు పూసిన ఎండుగడ్డి వస్తుందని, ముట్టుకుంటే నూగు రాలి తెల్ల చీరంతా పడుతుందని చెప్పాను. ఆ పిల్ల ముఖం చిన్నబోయింది. “చూద్దాం తీ, నేనేదో ఒకటి చేస్తా,” అన్నాను.

ఆ వారమే ఒక పెళ్ళి మండపం పని మీద ఆటోలో బోధన్ దిక్కు పోతుంటే రోడ్డు పక్క చెరకు తోట కనబడింది. తోటంతా పూసి ఉంది. మనిషి కంటే ఎత్తులో, గాలికి ఊగుతూ, అచ్చం ఫోనులోని ఆ వెండి కుచ్చులే. ఆటో ఆపించాను. గట్టు మీద కూర్చున్న ఒకాయనను, రెండు మూడు పువ్వులు తెంపుకోనా అని అడిగాను.

ఆయన నావంక వింతగా చూసి నవ్వాడు. “తీస్కపో అవ్వా. ఎన్ని గావాల్నో అన్ని తీస్కపో. మాకేం పనికొస్తయ్?”

మంచి మనిషి అనుకున్నాను. ఆ నవ్వులో ఏముందో నాకు తెలియలేదు. పసుపు చేను గురించి అడగండి, ఆకు చూసి దుంప చెబుతాను. చెరకు గురించి నాకు తెలిసింది నమిలి ఉమ్మడమే. ఏడు కుచ్చులు తెంపుకొచ్చి, నీడలో తలకిందులుగా వేలాడదీసి, నూగు రాలకుండా జుట్టుకు కొట్టే స్ప్రే కొట్టాను. ఒక కుచ్చును కొంగుకు కట్టుకొని రోజంతా తిరిగాను, చెక్కుచెదరలేదు. ముప్పై ఏళ్ళ పనిలో ఇంత తెలివైన ఆలోచన రాలేదనుకున్నాను. ఎవరికీ చెప్పలేదు. ఆ పిల్లకు కూడా చెప్పకుండా, చూసి ఆశ్చర్యపోవాలనుకున్నాను.

ప్రకాశం గారి చేను

పెళ్ళి రోజు పొద్దున తొమ్మిది గంటలకల్లా వాళ్ళింట్లో ఉన్నాను. పదకొండుకు చర్చి. సువార్త ముసుగు పెట్టుకొని కూర్చుని ఉంది. బొకే చేతికిచ్చాను. చాలాసేపు చూసింది. కుచ్చులను వేలితో మెల్లగా నిమిరింది. “మంచిగుంది అక్కా,” అంది. ఇంకేమీ అనలేదు. ఆనందంతో మాట రాలేదనుకున్నాను.

అప్పుడే వాళ్ళ నాన్న ప్రకాశం లోపలికి వచ్చాడు. కొత్త కోటు వేసుకుని, బిడ్డను చూడటానికి నవ్వుకుంటూ వచ్చినవాడు గుమ్మం దగ్గరే ఆగిపోయాడు.

“గిదెవలు తెచ్చిండ్రు?”

“నేనే అన్నా,” అన్నాను, మెచ్చుకుంటాడనుకొని. “మీ దిక్కు పువ్వే.”

ఆయన వెనకే వచ్చిన చెల్లెలు, సువార్తకు మేనత్త, నెత్తిన చేయి పెట్టుకుంది. “ఏం మనిషివమ్మా నువ్వు! పూసిన చెరుకును పెండ్లిపిల్ల చేతుల వెడ్తరా ఎవలన్న?”

నాకింకా అర్థం కాలేదు. ఆమే చెప్పింది. “చెరుకు పూసిందంటే ఇగ పెరగది. పూసినంక నిలవెడ్తే లోపల బోలయితది, తీపి పోతది. చెరుకు పెట్టెటోళ్ళ ఇంట్ల గీ పువ్వు పేరు గూడ ఎత్తరు. గిది పట్టుకొని కొత్త కాపురానికి పోతదా పిల్ల?”

గట్టు మీద ఆయన ఎందుకు నవ్వాడో అప్పుడు తెలిసింది.

ప్రకాశం గోడవైపు తిరిగి అన్నాడు. “గది చేతుల పట్టుకొని వస్తే నేను గుడిలకు రాను. ఎవలతోనన్న నడిపించుకోండ్రి.”

చర్చిలోకి పెళ్ళికూతురిని చేయి పట్టి నడిపించుకొచ్చేది తండ్రే. తండ్రి బతికుండి నడిపించకపోతే ఆ పిల్ల అత్తగారి ముందు తలెత్తుకోలేదు. నేను కత్తెర తీశాను. “ఐదు నిమిషాలు అన్నా, తీసేస్తా, గులాబీలే ఉంచుతా,” అన్నాను. సువార్త బొకేను నాకివ్వలేదు.

“బాపూ,” అంది. “మన చేను పూసింది గదా?”

ఆయన గోడవైపే చూస్తూ కోటు గుండీ సవరించుకున్నాడు.

“క్రిస్మస్ కంటె ముందే నరికిచ్చిన అన్నవ్. లారీ పోయింది, అంత మంచిగయింది అన్నవ్. నేను రోజు గదే బస్సుల పోతున్న. కిటికీల కెంచి మన చేను కనవడది అనుకున్నవా?”

ఆ ఊరికి దగ్గరి చక్కెర ఫ్యాక్టరీ మూతబడ్డాక చెరకు లారీల మీద దూరం పోవాలి. ఫ్యాక్టరీవాళ్ళు ఇచ్చే కోత వంతు కోసం రైతు తానే తిరగాలి. వంతు వచ్చిన వారం ప్రకాశం బిడ్డ పెళ్ళి బట్టలకని, పిలుపులకని తిరుగుతున్నాడు. వంతు వేరేవాళ్ళకు పోయింది. చేను నిలబడి పూసింది. ఊరందరికీ ఆ సంగతి తెలుసు, ఎవరూ ఆయన ముందు ఎత్తలేదు. బిడ్డకు మాత్రం ఆయన అబద్ధం చెప్పాడు. ఇదంతా నాకు తర్వాత ఆ మేనత్తే చెప్పింది.

“ఎందుకు చెప్పలే బాపూ?”

“చెప్తే పెండ్లి వెనుకకు జరుపుమంటవు,” అన్నాడు. అంతవరకు గోడను చూస్తున్నవాడు ఇటు తిరిగాడు. కళ్ళు నిండి ఉన్నాయి. “నీ పెండ్లి నాడు గా పువ్వు సూడొద్దనుకున్న బిడ్డా. నీ చేతులల్లనే సూడాల్సొచ్చింది.”

“చేన్ల పూస్తే నష్టం,” అంది సువార్త. “నా చేతుల పూస్తే ఏం నష్టం బాపూ? మంచిగనే ఉంది గదా సూడు.”

వాళ్ళమ్మ కొంగు నోట్లో కుక్కుకుని ఏడుస్తోంది. కాసేపటికి సువార్తే బొకే నాకు చాపింది. “తీసెయ్యి అక్కా. బాపు మనసు కష్టవెట్టుకుంటే నాకొద్దు.”

నేను అందుకోబోయాను. “ఉండనీ,” అన్నాడు ప్రకాశం.

“వద్దు బాపూ, తీసెయ్యనీ.”

“ఉండనీ అంటున్న గదా.”

కత్తెర చేతిలో పట్టుకుని నేను ఇద్దరి మధ్య దిష్టిబొమ్మలా నిలబడ్డాను. బయట నుంచి అయ్యగారు పిలుస్తున్నారని ఎవరో కేక వేశారు. నేను కత్తెర సంచిలో పెట్టేశాను.

పిల్లలూ, దీన్ని గొప్ప అనుకోకండి

ఇది చదివి, శాంతక్క భలే పువ్వు ఎంచిందని అనుకోవద్దు. నేను చేసింది తప్పే. తప్పును వాళ్ళు మంచి మనసుతో మోశారు, అంతే. ఒక ఇంట్లో ఆనందం అనుకున్న పువ్వు ఇంకో ఇంట్లో గుండె కోత కావచ్చు. నేను తెలివి చూపాలని ఆలోచించానే కానీ, ఏ ఊరి పిల్ల, ఆ ఊళ్ళో ఈ పువ్వును చూసి ఎవరేమనుకుంటారు అని ఆలోచించలేదు. రంగు అడిగాను, చీర అడిగాను, సీసా పట్టించి బరువు కూడా చూశాను. “మీ ఇంట్లో ఏ పువ్వు వద్దు?” అన్న ఒక్క మాట అడగలేదు. ఆ తర్వాత పని మానేసే రోజు వరకు ప్రతి ఇంట్లోనూ మొదట అదే అడిగాను. మీరూ అడగండి. అవాక్కయ్యే జవాబులు వస్తాయి. ఒకామె బంతి వద్దంది, ఒకామె గులాబీ పేరెత్తగానే లేచి వెళ్ళిపోయింది. ఎందుకో మాత్రం అడగకండి.

ఎవరినీ ఆశ్చర్యపరచాలని కూడా చూడకండి. పెళ్ళింట్లో ఆశ్చర్యాలకు కొదవ ఉండదు. మన వంతు కొత్తవి చేర్చక్కర్లేదు.

గుడిలోకి

చర్చి దాకా నేను వాళ్ళ వెనక ఇంకో ఆటోలో వెళ్ళాను. ఊడిన పిన్ను సర్దడానికి ఎప్పుడూ వెళ్ళేదాన్ని. ఆ రోజు మాత్రం భయంతో వెళ్ళాను. ఆ చర్చి బెంచీల మీద సగం మంది చెరకు పండించేవాళ్ళే. ఆ పువ్వు ఏమిటో ఒక్కరికి కూడా విప్పి చెప్పక్కర్లేదు.

మెట్ల దగ్గర సువార్త చీర కుచ్చెళ్ళు కాలికి అడ్డం పడ్డాయి. రెండు చేతులతో ఎత్తి పట్టుకోవాల్సి వచ్చింది. ప్రకాశం చేయి చాచి బొకే తీసుకున్నాడు. మెట్లెక్కారు. గుమ్మం దగ్గర ఆ పిల్ల తిరిగి ఇవ్వమని చేయి చాపింది. ఆయన ఇవ్వలేదు. ఎడమ చేత్తో బిడ్డ చేయి పట్టుకుని, కుడి చేత్తో ఆ పూలగుత్తిని కోటు ముందర పట్టుకుని లోపలికి నడిచాడు.

పాట మొదలైంది, అందరూ లేచి నిలబడ్డారు. ముందు పిల్లలు కిసుక్కున నవ్వారు, తండ్రి పూలు పట్టుకుని వస్తున్నాడని. తర్వాత పెద్దవాళ్ళు ఆ కుచ్చులను చూశారు. ఒక్కో వరుసలో పాట తగ్గిపోయింది. ఒకావిడ నోటి మీద చేయి పెట్టుకుంది. ఆయన అడుగడుగుకీ కుచ్చులు ఊగుతున్నాయి. నేను గుమ్మం పక్కన గోడకు ఆనుకుని, నన్ను నేను తిట్టుకుంటూ నిలబడ్డాను. ఎవరో ఒకరు ఏదో ఒక మాట అంటారు, ఆ మనిషి అక్కడే కుప్పకూలుతాడు అని నా భయం.

సగం దూరం వచ్చేసరికి పక్క బెంచీలోంచి కర్ర ఊతంగా నిలబడ్డ ఒక ముసలి రైతు కొంచెం ముందుకు వంగాడు. అందరికీ వినబడేంత గట్టిగానే అన్నాడు.

“నాది గూడ పూసింది ప్రకాశం.”

“నాది గూడ,” అన్నారు వెనక వరుసలోంచి ఎవరో.

ప్రకాశం ఆగలేదు. తల ఒకసారి ఊపి, బిడ్డ చేయి ఇంకాస్త దగ్గరికి తీసుకుని, ఆ పూలను మరి కొంచెం పైకి ఎత్తి పట్టుకుని నడిచాడు.